కొసరు పూసలు

సూర్యాపేట, 4 మార్చి 1968, సోమవారం

కస్టమ్స్ వాళ్లు వచ్చారు. మా ఆయన వడ్ల దుకాణం కోసం కాదు, నా కోసం.

లైసెన్స్ నా పేరు మీద ఉంది. రెండేళ్ల కింద మోతె దగ్గరి తండాలో శాంతాబాయి కుట్టిన సంచి చూసి ముచ్చటపడి మొదలుపెట్టిన పని ఇది. తండా ఆడవాళ్లు సంచులు కుడతారు, నేను మద్రాసుకు పంపుతాను, అక్కడినుంచి జర్మనీకి పోతాయి. అట్లా పంపినందుకు ఎక్స్‌పోర్ట్ ప్రమోషన్ కింద జపాన్ గాజు పూసలు తెప్పించుకోనిచ్చారు. షరతు ఒకటే. ఆ పూసలన్నీ ఎక్స్‌పోర్ట్ సంచుల మీదికే పోవాలి.

వచ్చినవి అరవై కిలోలు. మద్రాసు హార్బర్లో జర్మనీకి పోయే సంచులు కొన్ని విప్పి, వాటి మీది పూసలు తూచి, మొత్తానికి లెక్క కడితే నలభై తొమ్మిదే తేలాయట. మిగతా పదకొండు కిలోలు బొంబాయిలో బ్లాకులో అమ్ముకున్నానని ఎవరో ఆకాశరామన్న ఉత్తరం రాశాడట. ఇన్‌స్పెక్టర్ బద్రీనాథ్ గారు ఇదంతా ఫైలు చూస్తూనే చెప్పారు, నా ముఖం చూడలేదు. ఒక్క పూస అమ్మలేదన్నాను. ఒళ్లు మండిపోయింది.

5 మార్చి

గోదాం మొత్తం వెతికాం. ఎలుకలు గాజు గూడ తింటయా ఏంది అన్నారు వెంకటనారాయణ. మొగుడి పేరు రాసేశాను. రాస్తే ఏం, ఇది ఎవరు చూస్తారు?

7 మార్చి, మధ్యాహ్నం

దొంగ దొరికింది. నా కుడి చెయ్యే.

రోజూ పూసలు ఎట్లా ఇస్తారో అట్లాగే ఇచ్చి చూపించమన్నారు బద్రీనాథ్ గారు. తండా మనుషులు లేరు కాబట్టి మా హమాలీ సత్తయ్యను గుడ్డ పట్టమన్నాను. కొలిచే సోల నిండా ముంచి, పైన సమం చేసి పోశాను. ఆ తర్వాత పిడికెడు వేశాను. అదేమిటని ఆయన అడిగేదాకా వేసినట్టే నాకు తెలియదు.

కొసరండీ అన్నాను. వడ్లు గానీ కందిపప్పు గానీ, కొలిచాక పిడికెడు వెయ్యకపోతే మా ఇళ్లల్లో ఇచ్చినట్టే కాదు. ఆయన ఆ పిడికెడు తూచారు. నలభై గ్రాములు. రెండేళ్లలో ఎన్నిసార్లు పంచానో కాగితం మీద వేసుకున్నారు. పదకొండు కిలోలకు దగ్గర దగ్గర వచ్చింది.

మనిషి చెడ్డవాడు కాదు. మొదటిసారి నా ముఖం చూశారు. పద్దెనిమిదో తారీకులోపల ఆ పూసలు తెచ్చి చూపిస్తే పొరపాటని రాస్తానన్నారు. లేకపోతే అమ్మినట్టే, కేసు తప్పదన్నారు. కొసరు అని రాయడానికి ఫారంలో కాలమ్ లేదట.

10 మార్చి

సత్తయ్యను తోడు తీసుకుని తండాకు పోయాను. అడగడానికే పోయాను.

శాంతాబాయి బిడ్డ జమ్లీ పెండ్లి దగ్గర పడింది. పెండ్లి లంగా నా ముందర పరిచారు. ఎర్ర బట్ట మీద అన్నీ నా పూసలే. తండాలో ఏ ఆడపిల్ల లంగా చూసినా అవే. శాంతాబాయి ఏమీ దాచలేదు. కొలిచింది నీ పనికి, కొసరేసింది మా పిల్లలకు గాదా సావుకారమ్మా అన్నది.

కొలిచి ఇచ్చిన దానికి లెక్క అడగగలను. చేతితో వేసిన దాన్ని ఏ నోటితో అడగను? మజ్జిగ తాగి వచ్చేశాను. గంత దూరం పోయి అడగకపోతివి గదమ్మా అని దారిపొడుగునా సత్తయ్య గొణుగుడు.

11 మార్చి

నాకు భయంగా ఉంది.

14 మార్చి

మా ఆయన ఈరోజు నవ్వించలేదు. జైలంటే తమాష అనుకుంటున్నవా, నువ్వడగకుంటే నేనే పోయి అడుగుత అన్నారు. పోతే నేను మీతో మాట్లాడనన్నాను. పోలేదు. అన్నం కూడా తినలేదు.

తప్పు నాదే, కేసు రాసుకోండి అని స్టేట్‌మెంట్ రాసి పెట్టాను. తండా పేరు రాయలేదు.

17 మార్చి, ఆదివారం

పొద్దున తొమ్మిదింటికి దుకాణం ముందర తండా ఆడవాళ్లంతా. ముందర శాంతాబాయి, వెనక తలొంచుకుని సత్తయ్య. కేసు సంగతి వాడే వాళ్లకు చెప్పాడు.

అందరి చేతుల్లో పూసల మూటలు. వారం నుంచి కూర్చుని విప్పారట. జమ్లీ లంగా కూడానా అని అడిగాను. అదే ముందుగాల్ల విప్పినం అన్నది శాంతాబాయి. సోల అడిగి తీసుకుంది. నన్ను గోనె సంచి పట్టమన్నది. ముంచి, అరచేత్తో సమం చేసి పోసింది. ఆ మీద పిడికెడు వేసింది.

వద్దన్నాను. నువ్వెయ్యంగ మేమెప్పుడన్న వద్దంటిమా అన్నది. ప్రతి సోలకూ వేసింది. బజారంతా చూస్తుండగా ఏడ్చాను.

18 మార్చి

పదకొండు కిలోల ఆరు వందల గ్రాములు తూగాయి. కొన్ని బాగా అరిగిన పాత పూసలు, జపానువి కావు. ఎక్కువ ఎట్లా వచ్చిందని బద్రీనాథ్ గారు అడిగారు.

దానికి మీ దగ్గర కాలమ్ లేదన్నారు కదా అన్నాను.