కోడి మిగిల్చిన పటం, ముందు గది, నా పుస్తకాలు

ఖమ్మం జిల్లా టేకులపల్లిలో సొంత ఇల్లు ఉండి, ఉద్యోగం కోసం ఖమ్మంలో కిరాయికి ఉంటున్న బానోతు ద్వాలి అనే నేను, చందూలాల్ గారి భార్యను, నలభై నాలుగేళ్ల దానను, భూగోళశాస్త్రం లెక్చరర్‌ను, ఎవరి బలవంతమూ లేకుండా నా సొంత దస్తూరీతో రాస్తున్న వీలునామా ఇది. నా మతి స్థిరంగా ఉంది. ఈ వాక్యం రాశాక కలం ఆగింది. మతి స్థిరంగా ఉన్నవాళ్లకు ఇన్ని అనుమానాలు వస్తాయా అని ఒక అనుమానం. పక్క గదిలో ఉన్న మా ఆయనను అడిగితే, "మంచిగనే ఉన్నది, జల్దీ రాయి, అన్నం సల్లారుతున్నది" అన్నాడు. ఆ మాటనే రుజువుగా దాఖలు చేస్తున్నాను.

వచ్చే వారం హైదరాబాదు దవాఖానాలో నా కడుపులోని పిత్తాశయం రాళ్లు తీస్తారు. చిన్న ఆపరేషనే, వందలో తొంభై తొమ్మిది మంది లేచి నడిచి ఇంటికి పోతారని డాక్టరు చెప్పాడు. ఆ మిగిలిన ఒక్కరు ఏ జిల్లావాళ్లని అడిగాను. ఆయన నర్సును పిలిచి నా బీపీ మళ్లీ చూడమన్నాడు. ఆ ఒక్కరూ నేనే అయ్యే పక్షంలో నా వెనక తగాదా మిగలకూడదని ఈ కాగితం.

తగాదా అయితే ఇప్పటికే ఉంది. నా తమ్ముడు మోతీలాల్‌కూ వాడి కూతురు చాందికీ నెల రోజులుగా మాటల్లేవు. కారణం టేకులపల్లి ఇంట్లో రోడ్డు వైపున్న నా ముందు గది. అందులో నా పుస్తకాలున్నాయి. లెక్కలను చుక్కలుగా, గీతలుగా, రంగులుగా మార్చి పటం మీద పెట్టే విద్యకు సంబంధించినవి. సగం కోఠీ ఫుట్‌పాత్ మీద బేరమాడి కొన్నవి, సగం జీతంలో కోసుకుని తెప్పించుకున్నవి. మోతీలాల్ ఆ గదిలో ఎరువుల దుకాణం పెట్టాలంటాడు. డిగ్రీలో స్టాటిస్టిక్స్ చదువుతున్న చాంది, ఆదివారాలు తండా ఆడపిల్లలను కూర్చోబెట్టి పటాలు గీయిస్తోంది కాబట్టి ఆ గది అట్లాగే ఉండాలంటుంది. ఇద్దరూ నన్నే తీర్పు చెప్పమన్నారు. బతికుండగా చెప్పే ధైర్యం లేక ఇన్నాళ్లూ నవ్వి ఊరుకున్నాను.

ఒకటి. ఈ వీలునామాను అమలు జరిపే బాధ్యత నా స్నేహితురాలు, సత్తుపల్లి హైస్కూలు హెడ్‌మిస్ట్రెస్ ఆదెమ్మ గారిది. యూనివర్సిటీ హాస్టల్లో ఒకే గదిలో ఉన్నాం. పరీక్ష హాలు గుమ్మం దాకా వచ్చి మళ్లీ గదికి పోయి తాళం వేశానో లేదో చూసుకునే నన్ను చెయ్యి పట్టి లోపలికి లాగిన మనిషి. ఇప్పుడు కూడా అదే పని.

రెండు. నా భర్త చందూలాల్ గారికి బ్యాంకులో ఉన్నదీ, ప్రావిడెంట్ ఫండూ సర్వహక్కులతో చెందవలెను. దాని గురించి ఎవరికీ పేచీ లేదు. ఆయనకు విడిగా ఇస్తున్నది ఖమ్మం నుంచి భద్రాచలం దాకా నేను గీసిన బస్సు పటం. ఆయన కండక్టరుగా ఉన్న రోజుల్లో తెగిన టికెట్లను బట్టి, జనం ఎక్కువున్న చోట గీత మందంగా, తక్కువున్న చోట సన్నగా గీశాను. రాములవారి కల్యాణం నాటి గీత నా ముంజేయి అంత ఉంటుంది. పాల్వంచ దాటాక మామూలు రోజు గీత దారప్పోగంత. అది చూసి ఆయన చిన్నబుచ్చుకుని, "బస్సు ఖాళీగ పోయిందని నలుగురికి చెప్పుడేంది, జర మందంగ గియ్యి" అన్నాడు. అప్పుడు ఒప్పుకోలేదు. శాస్త్రం ఒప్పుకోదన్నాను. ఇప్పుడు ఆ పటంతో పాటు నా వెడల్పు పాళీ కలాన్ని కూడా ఆయనకే ఇస్తున్నాను. ఇక ఆయన ఇష్టం.

మూడు. నా తల్లి మంగమ్మకు భూతద్దం. అద్దాల పని కుట్టేటప్పుడు సూదిలోకి దారం ఎక్కడం లేదని ఆమె ఫిర్యాదు. ఇంకొకటి. నీలం అట్ట పుస్తకంలో అడవికి ఒక రకం గీతలు, పత్తికి ఒకటి, పోడుకు ఒకటి అని నమూనాలున్న పేజీ చిరిగి ఉంది. అది ఎలకల పని కాదని నాకు తెలుసు. మా అమ్మ రవిక అంచు మీద అడవి గీతలు, భుజాల మీద పత్తి గీతలు ఉన్నాయి. ఆ పేజీ ఆమెకు ఈ వీలునామా ద్వారా చట్టబద్ధంగా సంక్రమించినట్టు. మిగతా పేజీల జోలికి పోరాదు.

నాలుగు. మా కాలేజీ అర్థశాస్త్రం లెక్చరర్ రామ్‌చందర్ గారికి ఆకుపచ్చ అట్ట అట్లాసు, అంటే అక్షరాలా ప్రపంచం. చూసి ఇస్తానని తీసుకుపోయి, హిందూ మహాసముద్రంలో టీ గ్లాసు పెట్టుకుని తిరిగి ఇచ్చారు. మరుసటి ఏడు ఒక విద్యార్థిని ఆ గుండ్రటి మరకను చూపించి ఈ దీవి పేరేమిటి మేడం అని అడిగింది. ఆయన ఇంతవరకు పొరపాటైందని అనలేదు. దీవితో సహా పుస్తకం ఆయన స్వాధీనం చేసుకోవలెను.

అయిదు. ముందు గది నా తమ్ముడు మోతీలాల్‌కు. ఆ ఇంటికి రాయి వాడి ట్రాక్టరు మీద వచ్చింది, వాడి చెమట ఆ గోడల్లో ఉంది. వాడు అడిగేది అన్యాయం కాదు. మిరపతోటలవాళ్లు బస్తా యూరియా కోసం కొత్తగూడెం పోయి, బస్సు పైకి ఎక్కించి, దించి, నానా అవస్థా పడుతున్నారు.

ఆరు. మిగతా పుస్తకాలన్నీ, పటాలు గీసే పరికరాలతో సహా, చాందికి. బిడ్డా, ముందు చుక్కల పుస్తకం చదువు. రంగుల పుస్తకం చదివేటప్పుడు అనుమానాన్ని పక్కనే పెట్టుకుని చదువు. ఒక మండలానికంతా ఒకే రంగు పూసి, ఇక్కడ చదువుకున్నవాళ్లు ఇంత అంటే, చెట్లకూ గుట్టలకూ కూడా అక్షరాలు వచ్చినట్టే కనిపిస్తుంది.

ఈ రెండు నిబంధనలూ రాసి, అన్నం తిని వచ్చి చదువుకుంటే తెలిసింది, గది తండ్రికీ పుస్తకాలు కూతురికీ రాసి తగాదాను రిజిస్టరు చేయించబోతున్నానని. పుస్తకాలు ఆ గదిలో తప్ప ఇంకెక్కడా పట్టవు. అక్కడ టేకులపల్లిలో వాళ్లిద్దరూ ఇప్పుడు మా అమ్మను మధ్యలో కూర్చోబెట్టుకుని పోట్లాడుతున్నారు. యూరియా గాలికి పుస్తకాలు పాడైతయని బాపుకు చెప్పు బాపమ్మా అని ఆ పిల్ల అంటుంది. అవి చదివినోళ్లు సుత మిరపకాయ తింటరని దానికి చెప్పమ్మా అని వీడు. ఇద్దరికీ ఇద్దరి మాటలూ వినిపిస్తూనే ఉంటాయి. అయినా మా అమ్మ రెండు వైపులకూ చేరవేస్తుంది.

కొట్టివేతలుంటే వీలునామా చెల్లదేమోనని భయం. అందుకని అయిదూ ఆరూ అట్లాగే ఉంచి, వాటిని సవరిస్తూ ఏడు రాస్తున్నాను.

ఏడు. ఇందుకు కారణం ముందు చెప్పాలి. యూనివర్సిటీలో మొదటిసారి చుక్కల పటం చూసినప్పుడు నేను చేసిన మొదటి పని టేకులపల్లి వాగు అవతల ఉన్న మా తండాను వెతుక్కోవడం. వాగు ఉంది, అడవి ఉంది, మేము లేము. ఒక చుక్కకు వెయ్యి మంది లెక్క. వెయ్యి మంది పోగవని చోట చుక్క పడదు. ఉద్యోగం వచ్చాక ఖమ్మంలో జరిగిన ఒక ఎగ్జిబిషన్ కోసం నేనే ఒక పటం చేశాను, ప్లైవుడ్ చెక్క మీద, మైదా జిగురుతో మిరపగింజలు అంటించి. గింజకు పది మంది. మా తండాకు గుప్పెడు గింజలు పడ్డాయి. వాటిని చూసుకుని నేను పడిన సంబరం డిగ్రీ పట్టా పుచ్చుకున్న నాడు కూడా పడలేదు.

జిగురు ఆరడానికి మా అమ్మ ఆ చెక్కను మిరపకాయలు ఎండబోసిన చోటే ఎండలో పెట్టింది. ఎండేది ఏదైనా అక్కడే పెట్టడం మా ఇంటి పద్ధతి. కోళ్లకు కారం తెలియదు. మా ఎర్రకోడి వాగు అవతలి జనాభా మొత్తాన్ని, మైదాతో సహా, తినేసింది. మళ్లీ అంటించే వ్యవధి లేదు. అట్లాగే లారీ ఎక్కించాం.

ఎగ్జిబిషన్‌లో ఒక ఆఫీసరు ఆ పటం ముందు చాలాసేపు నిలబడ్డాడు. బోరింగులు ఎక్కడెక్కడ వేయాలో చూస్తున్నారట. వాగు అవతల వేలు పెట్టి, ఇదంతా ఖాళీ అడవి కదా అన్నాడు. నేను శాంపిళ్ల గురించీ, పటం పరిమితుల గురించీ ఇంగ్లీషులో ఏదో మొదలుపెట్టాను. చెక్క మోసుకొచ్చి నా వెనక నిలబడ్డ మోతీలాల్, అప్పటికి మీసాలు కూడా సరిగా రాలేదు, ముందుకు వచ్చి అన్నాడు: "సార్, ఆడ మేమున్నం. మమ్మల్ని కోడి తిన్నది."

ఆఫీసరు నవ్వి నవ్వి కళ్లజోడు తీశాడు. తరువాత జీపు వేసుకుని తండాకు వచ్చాడు, బోరింగు పడింది. ఇప్పటికీ ఆ నీళ్లే తాగుతున్నాం.

మోతీ, నేను ఎన్ని పుస్తకాలు చదివినా పటం గురించి అంతకంటే మంచి మాట చూడలేదు. బొమ్మలతో పనేందని ఇప్పుడు నువ్వు అంటే, ఆ రోజు మాట్లాడినవాడు ఎవడని నాకు అనుమానం వస్తుంది. ఆ పటం ముందు గది గోడకే ఉంది. కోడి మిగిల్చిన ఖాళీ ఖాళీగానే ఉంది. మొదట తీరిక లేక నింపలేదు, తరువాత దాన్ని అట్లా చూడడం అలవాటైంది.

కాబట్టి ముందు గది తండ్రీకూతుళ్లిద్దరికీ ఉమ్మడిగా చెందవలెను. రోడ్డు వైపు సగంలో దుకాణం, లోపలి సగంలో పుస్తకాలు, మధ్య ఇటుక గోడ. ఎరువు బస్తాలు వెనక వసారాలో మాత్రమే. పటం దుకాణం వైపు గోడకు, గల్లాపెట్టె వెనక ఉండవలెను. ఎరువు కోసం వచ్చినవాళ్లు అడిగితే చాంది చెబుతుంది. చాంది లేకపోతే మోతీలాల్ చెప్పవలెను, విసుక్కోకుండా.

ఈ హక్కు రావడానికి ఒక షరతు. వాగు అవతలి ఖాళీని ముందు నింపాలి. ఇద్దరూ కలిసి తండాలో ఇల్లిల్లూ తిరిగి జనాన్ని లెక్కబెట్టాలి. ఒకరు అడగాలి, ఒకరు రాయాలి. గింజలు మోతీలాల్ తన చేత్తో అంటించాలి. అది పూర్తయ్యేదాకా గది తాళంచెవి ఆదెమ్మ గారి దగ్గర ఉంటుంది. ఇద్దరిలో ఎవరు మొండికేసినా గది రామ్‌చందర్ గారికి పోతుంది, కూర్చుని టీ తాగడానికి.

ఎనిమిది. ఆ ఎర్రకోడి సంతతి ఇంకా మా అమ్మ పెరట్లో తిరుగుతోంది. వాటికి ఈ ఆస్తిలో ఏ విధమైన హక్కూ లేదు. వాటి వాటా ముందే తీసుకున్నాయి. గింజలు అంటించిన చెక్కను ఈసారి ఇంటి లోపల ఆరబెట్టవలెను.

తొమ్మిది. నేను ఆ తొంభై తొమ్మిది మందిలో పడి తిరిగి వచ్చినా ఏడో నిబంధన రద్దు కాదు. మంచం మీద పడుకుని చూస్తాను. గింజలు వంకరగా ఉంటే చెబుతాను.

సంతకానికి ముందు చేర్చినది. ఈ ఉదయం అందరినీ టేకులపల్లి ఇంటికి పిలిచి ఇదంతా చదివి వినిపించాను. వినిపించకుండా పోతే, చదివేటప్పుడు వాళ్ల మొహాలు ఎట్లా ఉంటాయో అన్న అనుమానంతో ఆపరేషన్ బల్ల ఎక్కలేను. మోతీలాల్ ఏడో నిబంధన దాకా గుమ్మం వైపే చూస్తూ విన్నాడు. అయిపోయాక లేచి పటం దగ్గరికి పోయి, ఖాళీ మీద చెయ్యి పెట్టి, "గింజకు ఎంతమందే అక్కా" అన్నాడు. నేను కళ్లజోడు తుడుచుకుంటున్నాను. నా కంటే ముందు చాంది అంది: "పది మంది, బాపూ."

మా అమ్మ అలవాటు కొద్దీ, పది మందంట అని వాడికి చేరవేయబోయి, సగంలో ఆగిపోయింది.

టేకులపల్లి, 15 నవంబరు 1992, ఆదివారం.

(సంతకం) బానోతు ద్వాలి

సాక్షులు, నా ఎదుట, ఒకరి ఎదుట ఒకరు సంతకం చేసినవారు:
1. పిచ్చయ్య, రిటైర్డ్ లైబ్రేరియన్, ఖమ్మం
2. సైదమ్మ, కాలేజీ అటెండరు, ఖమ్మం