మిరపచేలో అమెరికా దెయ్యం

సత్తెనపల్లి
జనవరి నెలాఖరు

ప్రియమైన ఇమ్మానియేలూ,

ఆయాసం తగ్గిందా? తగ్గకపోయినా కుంచె పట్టుకోగలవులే. నీతో పనిపడింది. ఫోన్ చెయ్యొచ్చు కదా నాన్నా అని మా నజ్మీన్ గొణుగుతోంది. ఫోన్లో తిడితే నువ్వు మధ్యలో అడ్డం వస్తావు. కాగితం మీదైతే చివరిదాకా పడతావు.

ఇక్కడ మిరపచేలకు దిష్టి తగలకుండా ఈమధ్య ఏం కడుతున్నారో చూశావా? సినిమా తారల ఫ్లెక్సీలు. దారినపోయేవాడి కళ్లు పంట మీద పడకుండా ఆవిడ మీద పడతాయట. నా రెండెకరాల చుట్టూ ఇప్పుడు కథానాయికలు నిలబడి నవ్వుతున్నారు. నేను గ్రంథాలయంలో పనిచేసినన్నాళ్లూ ఏ పుస్తకం ముందూ ఇంతమంది ఆగి చూడలేదు. ఆ పుస్తకాల్ని తూకానికి అమ్మినవాళ్లకే తర్వాత సాహిత్య సేవకని శాలువాలు కప్పారు. అది వేరే సంగతి.

నాకూ ఒక ఫ్లెక్సీ కావాలి. తార కాదు, దెయ్యం. మిషన్ బడిలో మనం చదివామే, అలాంటిది. దొరసానులకు అమెరికా నుంచి వచ్చే పార్సిళ్లలో గాజు సామాను పగలకుండా బొమ్మల పుస్తకాల కాగితాలు కుక్కేవాళ్లు, గుర్తుందిగా? అందులో ఒక కథ కోసం మనిద్దరం కొట్టుకున్నాం: చెయ్యని నేరానికి ఉరితీసిన రైల్వే గార్డు. చచ్చాక లాంతరు పట్టుకుని గోడల్లోంచి నడిచొచ్చి, అబద్ధపు సాక్ష్యం చెప్పినవాడి మంచం పక్కన నిలబడతాడు. ఏమీ అనడు. నిజం చెప్పేదాకా కదలడు. అలాంటి దెయ్యం కావాలి నాకు.

ఎందుకో చెప్తాను. నా గట్టు అవతలి చేను చైతన్యకృష్ణది. చలి మొదలైన రోజుల్లో వాడు, నా చేలోకీ కూలికొచ్చే మా సాల్మన్ చేత పురుగుమందు కొట్టించాడు. రెండు రకాలు కలిపి, ఎదురుగాలిలో, మూతికి గుడ్డ కూడా లేకుండా. సాల్మన్ సాలులోనే పడిపోయాడు. ఆసుపత్రికి చేరేలోపే ప్రాణం పోయింది. చైతన్యకృష్ణ పోలీసులకు ఏమన్నాడో తెలుసా? "పొద్దున్నే తాగొచ్చాడండీ. తూలి మందు డబ్బా మీద పడ్డాడు." సాల్మన్ జన్మలో తాగలేదు. వాళ్ల చర్చిలో సంఘ పెద్ద. కానీ కాగితాల్లో తాగుబోతయ్యాడు, ఊళ్లోనూ అదే మాట. పంపు దగ్గర బిందె పెడితే చాలు, అతని భార్య దేవకుమారి చెవిన అదే పడుతోంది. కూలీలందరికీ నిజం తెలుసు. వాళ్లకు పని ఇచ్చేది చైతన్యకృష్ణ.

నేను అర్జీ రాశాను. అధికారి చదివి నా తెలుగు చాలా బాగుందన్నాడు.

సాల్మన్ ఫోటో పంపుతున్నాను. పోయినేడు నా కళ్లంలో మా నజ్మీన్ తీసింది. ఈ ముఖానికి ఆ గార్డు వేషం వెయ్యి. మనిషెత్తుకు రెండింతలు ప్రింటు కొట్టిస్తాను. చైతన్యకృష్ణ చేను వైపు తిప్పి కడతాను.

నీ
లాల్ అహ్మద్


అద్దంకి
ఫిబ్రవరి మొదటివారం

ప్రియమైన లాలూ,

బొమ్మ వేశాను. ముందు నీ ఉత్తరం చించేద్దామనుకున్నాను. తర్వాత ఫోటో చూశాను. ఎంత మంచి ముఖంరా! బడిలో పిల్లల చేత కుండలూ మామిడికాయలూ గీయించడమే సరిపోయింది నా ఉద్యోగమంతా. ఇలాంటి ముఖం గీయమని ఎవరూ అడగలేదు. చెయ్యి ఆగలేదు. నేలను తాకే తెల్ల కోటు, ఆకుపచ్చ కళ్లు, చేతిలో లాంతరు, వెనక బీటలిచ్చిన గోడ. ఆయుధం పెట్టలేదు. అది లేదని నువ్వు ఏడుస్తావని తెలుసు.

ఒక మాట విను. నీకు గార్డు కథ గుర్తుంది. దాని వెనక పేజీలోని కెప్టెన్ కథ మర్చిపోయావు. తన ఓడను ముంచినవాణ్ణి వెతుక్కుంటూ లేచిన దెయ్యం. మొదటి పేజీలో వాడూ హీరోనే. నాలుగో పేజీకొచ్చేసరికి రేవులో ఉన్న ఓడలన్నీ ముంచుతుంటాడు, వాటిలో వాడి సొంత తమ్ముడి ఓడ కూడా ఉంటుంది. అమెరికావాళ్లు ఒకే కోటు హీరోకీ విలన్‌కీ తొడుగుతారు. ఎవడు ఎవడో చివరి పేజీ దాకా చెప్పరు. నువ్వెప్పుడూ చివరి పేజీ చదవకుండానే కొట్లాటకు దిగేవాడివి.

దేవకుమారిని అడిగావా?

నీ
ఇమ్మానియేలు


సత్తెనపల్లి
ఫిబ్రవరి

ప్రియమైన చిత్రకారుడా,

కట్టించాను. నీ చేతులు చల్లగుండాలి! పొద్దుటెండ పడితే ఆ కళ్లు నిజంగా మండుతున్నట్టే ఉంటాయి. ఫ్లెక్సీ షాపు కుర్రాడు కూడా కొట్టి ఇచ్చేటప్పుడు దాని వంక చూడలేదు.

మర్నాడు చైతన్యకృష్ణ మోటారుసైకిల్ మీద వచ్చాడు. గట్టు మీద నిలబడి అరిచాడు.

"ఏంది సాయిబుగారూ ఇది?"

"దిష్టిబొమ్మ."

"ఎవరి ముఖం అది?"

"నీకెవరిలా కనిపిస్తోంది?"

"పెద్దవారని ఊరుకుంటున్నాను."

"ఊరుకోకు నాయనా. నోరు విప్పు. అందుకేగా కట్టింది."

వెళ్లిపోయాడు. ఇప్పుడు అసలు వార్త. వాడి చేలో కోతకు మన ఊరి కూలీల ముఠా దిగలేదు. సాల్మన్ చూస్తున్నాడంటున్నారు. పండిన కాయ చెట్టు మీదే ఎండిపోతోంది. రోజూ వచ్చి గట్టు మీద నిలబడి చూసి పోతున్నాడు. బొమ్మ వైపు మాత్రం తలెత్తడు. ఇంకెన్నాళ్లు తట్టుకుంటాడు?

నా చేలోకీ ఎవరూ రాలేదనుకో. నా కాయా ఎండుతోంది. నష్టం లేకుండా ఎవడైనా హీరో అయ్యాడా?

దేవకుమారిని అడగలేదు. అడగడానికి ఏముంది? భర్తకు పడ్డ మచ్చ తుడిచేస్తానంటే వద్దంటుందా? నాలుగు రోజులుగా ఇంటికి తాళం వేసి ఉంది. పుట్టింటికి వెళ్లిందట.

నీ
లాల్ అహ్మద్


అద్దంకి
ఫిబ్రవరి చివర

లాలూ,

దేవకుమారి పుట్టిల్లు మా పక్క ఊరే. ఆదివారం మా చర్చికి వచ్చింది. పక్కన కూతురు, చిన్నపిల్ల, పేరు ఆరాధన. ప్రార్థన అయ్యాక ఎవరో చెప్తే నా దగ్గరికొచ్చి అడిగింది. "ఆ బొమ్మ వేసింది మీరేనా మాస్టారూ?"

నేనేనన్నాను. అరుస్తుందనుకున్నాను. అరవలేదు. అరిచినా బాగుండేది. ఆమె అన్నది అన్నట్టు రాస్తున్నాను, చదువు.

"మా ఆయన ప్రభువు దగ్గర నిద్రపోతున్నాడని పాస్టరుగారు చెప్పారండీ. సమాధి రాయి మీద అదే చెక్కించాను. ఆ మాట పట్టుకునే లేచి వంట చేసుకుంటున్నాను. ఇప్పుడు ఊరంతా సాల్మన్ దెయ్యమయ్యాడంటున్నారు. మొన్న తాగుబోతన్నారు, ఇవాళ దెయ్యమంటున్నారు. ఏది నయమో మీరే చెప్పండి."

ఒరేయ్, నీకూ నాకూ దెయ్యమంటే పార్సిల్ కాగితం మీది రైల్వే గార్డు. ఆమె చదివే పుస్తకంలో దెయ్యం ఎప్పుడూ హీరో కాదురా. వెళ్లగొట్టాల్సినదే. నువ్వు ఆ పుస్తకం పట్టుకుని పెరగలేదు. నేను పెరిగాను. అయినా నాకు తట్టలేదు. నా కంటికి కోటు మడతలూ కంటి రంగూ తప్ప ఏమీ కనపడలేదు.

ఇంకోటి ఉంది. ఆ పిల్ల బడి మానేసి మీ చేలోకి వచ్చి బొమ్మ కింద కూర్చుంటోందట. అన్నం డబ్బా మూత తీసి పక్కన పెట్టి, "నాన్నా, దిగు" అంటోందట. అందుకని దేవకుమారి ఇంటికి తాళం వేసి వచ్చేసింది. పిల్ల బడి పోయింది. ఈమె కూలి పోయింది.

దించెయ్. ఈ ఉత్తరం అందిన రోజే.

ఇమ్మానియేలు


సత్తెనపల్లి
మార్చి మొదట్లో

ఇమ్మానియేలూ,

పిల్ల సంగతి నాకు తెలియదు. ఎండ ముదిరాక నేను చేలో ఉండను. తెలియదనడం జవాబు కాదని తెలుసు. ఇంకేం రాయను?

కానీ ఇప్పుడు దించలేను. నిన్న సాయంత్రం చైతన్యకృష్ణ మా ఇంటికొచ్చాడు. చెప్పులు బయటే విడిచి, కుర్చీ వేసినా కూర్చోలేదు.

"బొమ్మ తీసేయండి. అతను తాగలేదని పెద్దల ముందు ఒప్పుకుంటాను."

"ముందు ఒప్పుకో. తర్వాత తీస్తాను."

"మీరు తీస్తేనే కదండీ కూలీలు దిగేది."

"నువ్వు ఒప్పుకుంటేనే కదా సాల్మన్ దిగేది."

వాడు మెత్తబడ్డాడురా. ఇంకొక్క వారం చాలు. ఇప్పుడు దించితే, మళ్లీ నోరు మూసుకుని కాయ కోయించి మిర్చి యార్డుకు తోలుకుంటాడు. సాల్మన్ ఆ కాగితంలో ఎప్పటికీ తాగుబోతుగానే ఉండిపోతాడు. ఇలాంటివాళ్లను నా జీవితమంతా చూశాను. ఒక్కడూ, ఒక్కడంటే ఒక్కడూ నా ఎదుట "తప్పయింది" అనలేదు. వీడితో అనిపిస్తాను.

నన్ను కెప్టెన్ అంటావు. అను.

లాల్ అహ్మద్


సత్తెనపల్లి
మార్చి నడిమధ్య

ప్రియమైన ఇమ్మానియేలూ,

ఓడిపోయాను. ఎలా ఓడానో వింటే నువ్వు నవ్వి నవ్వి ఇన్‌హేలర్ వెతుక్కుంటావు.

చైతన్యకృష్ణ కర్నూలు వైపు నుంచి లారీలో కూలీలను దించాడు. ఏటా మన వైపు కోతలకు వచ్చేవాళ్లే. లారీ దిగి నీ బొమ్మ చూశారు. ఒకావిడ గట్టు దాటి నా దగ్గరికొచ్చి, "ఈ సినిమా ఎప్పుడు వస్తాదండీ? హీరో కొత్తోడా?" అని అడిగింది. ఇంకొకావిడ దాని నీడలో చంటిపిల్లకు ఉయ్యాల కట్టుకుంది. మధ్యాహ్నానికే పది సాళ్లు కోసేశారు. గట్టు మీదనుంచి చైతన్యకృష్ణ మొదటిసారి బొమ్మ వంక తలెత్తి చూశాడు. తర్వాత నా వంక చూశాడు. బేరం పోయింది.

నీ ఉత్తరాలన్నీ చెప్పలేనిది ఆ లారీ చెప్పింది. మన దెయ్యానికి భయపడింది సాల్మన్‌ను ఎరిగినవాళ్లే. అతనంటే ప్రేమ ఉన్నవాళ్లే పని పోగొట్టుకున్నారు. పట్టనివాళ్లకు అది నీడ.

దించుదామనుకుంటూనే రెండు రోజులు గడిపాను. అహం. మూడోనాడు దేవకుమారి వచ్చింది. నా దగ్గరికి రాలేదు. తలకు గుడ్డ చుట్టుకుని, తిన్నగా చైతన్యకృష్ణ చేలోకి దిగి, కర్నూలు ఆడవాళ్ల పక్కన సాలు పట్టుకుని కోయడం మొదలుపెట్టింది. అన్నం వేళకు చైతన్యకృష్ణ తల్లి క్యారియర్ తీసుకుని వచ్చింది. అప్పుడు దేవకుమారి నడుం నిటారు చేసి అడిగింది. కేక పెట్టలేదు కానీ నా గట్టుదాకా వినపడింది.

"అమ్మగారూ, ఆ రోజు పొద్దున మా ఆయనకు టీ ఇచ్చింది మీరే కదండీ?"

"నేనే కదమ్మా."

"వాసనొచ్చిందా?"

ముసలావిడ కొడుకు వంక చూసింది. కొడుకు మిరపకాయల వంక చూశాడు.

"వాసనేం వాసన! ఆదివారం ప్రార్థన ఉందమ్మా, శనివారానికి పని తెముల్చుకుంటానన్నాడు. గ్లాసు కడిగి బోర్లించి మరీ పోయాడు. ఏరా, నువ్వు అక్కడే ఉన్నావుగా? మాట్లాడవేం?"

ఆ మనిషి తల్లి ముందు నిలబడి ఎంత చిన్నవాడైపోయాడో నేను చూశాను. "తాగలేదు" అన్నాడు. ఎవరికీ సరిగ్గా వినపడలేదు. ముసలావిడే మళ్లీ అనిపించింది. "తాగలేదండీ. మందు నేనే కలిపిచ్చాను. గాలి చూసుకోలేదు." కర్నూలు ఆడవాళ్లు కోత ఆపేసి విన్నారు. ఎవరి సంగతో వాళ్లకు తెలియదు. అయినా ఒకావిడ కొంగుతో కళ్లు తుడుచుకుంది.

దేవకుమారి తల ఊపింది. "ఇదే మాట ఆదివారం చర్చికొచ్చి చెప్పండి. తర్వాత స్టేషన్‌లో చెప్పండి" అని, గట్టు దాటి నా దగ్గరికొచ్చింది.

నేను చాలా చదివినవాణ్ణి. ఏదైనా అనాలని నోరు తెరిచాను.

"ముందు దించండి సాయిబుగారూ."

కర్రలు ఊడదీశాను. అది మనిషెత్తుకు రెండింతలు కదా, గాలికి నన్ను ఈడ్చుకుపోయింది. కోటు ఒకవైపు, లాంతరు ఒకవైపు, మధ్యలో నేను. చూస్తే చైతన్యకృష్ణ వచ్చి రెండో కొస పట్టుకున్నాడు. ఒకరి మొహం ఒకరం చూసుకోకుండా మడతపెట్టాం. "ముఖం లోపలికి మడవండి" అంది దేవకుమారి. అలాగే మడిచాం. చెప్పడానికి ఒళ్లు మండుతోంది కానీ, మడవడం వాడికే బాగా వచ్చు.

మూట ఆమె నెత్తిన పెట్టుకుంది. ఏం చేస్తుందో అడగలేదు. అడగాల్సినప్పుడు అడగనివాడికి ఇప్పుడెందుకు?

నాలుగడుగులు వేసి వెనక్కి తిరిగింది. "ఆదివారం మీరూ రండి. వాళ్లేమన్నా మాట మారిస్తే మీరు విని ఉండాలి. చివరి బెంచీ మీద కూర్చోండి. ఒకటే, మాట్లాడొద్దు."

వెళ్తాను. లుంగీ మానేసి ప్యాంటు వేసుకోవాలో ఏమో, చెప్పులు ఎక్కడ విడవాలో అదీ తెలియదు. ఇన్నేళ్ల చదువు తర్వాత ఒక మనిషి నన్ను నమ్మి ఇచ్చిన పని ఇది. నోరు మూసుకుని వినడం. చేతనవుతుందో లేదో చూడాలి. నువ్వు శనివారం బస్సుకే వచ్చెయ్, పక్కన కూర్చో. నేను లేవబోతే చొక్కా పట్టుకుని లాగు.

నీ
లాలూ