గీసి విరిచే పద్ధతి

హోసూరు, మత్తిగిరి
12 జూలై 2000, బుధవారం

చిరంజీవి రక్షితకు అవ్వ ఆశీస్సులు.

నువ్వు పేపరులో చూడకముందే నా చేతిరాతలో తెలుసుకోవాలని ఈరోజు రాస్తున్నాను. మీ నర్సింగ్ హాస్టల్ ఫోను వార్డెన్ బల్ల మీద ఉంటుంది. ఇది ఆమె వినవలసిన సంగతి కాదు.

శుక్రవారం మధ్యాహ్నం రెండు గంటలకు, షిఫ్టు మారే వేళ, మూకండపల్లిలో మన జిప్సం బోర్డుల ఫ్యాక్టరీ మీద యాభై అరవై మంది వచ్చి పడ్డారు. గడ్డపారలు, సెంట్రింగ్ కర్రలు తెచ్చుకున్నారు. గోడౌన్ చూసుకునే గుర్రప్ప గేటు మూయబోతే తల పగలగొట్టారు. పదకొండు కుట్లు పడ్డాయి. అక్కడితో ఆగక, బోర్డులకు అంటించే కాగితం రోల్స్ ఉంచే గదికి నిప్పు పెట్టారు. నంజమ్మ లోపలే ఉంది. బయట గొళ్ళెం ఎవరు పెట్టారో ఇంతవరకు తేలలేదు.

నంజమ్మ నీకు గుర్తుండాలి. వేసవి సెలవుల్లో నీకు బోర్డు కోయడం నేర్పింది ఆమే. రంపం వద్దని, పైకాగితం మీద బ్లేడుతో సూటిగా ఒక్క గీత గీసి, బల్ల అంచు మీద పెట్టి నొక్కితే గీత దగ్గరే విరుగుతుందని నీ చెయ్యి పట్టుకుని చూపించింది. శుక్రవారం ఆమె తలుపు బాదడం నలుగురు విన్నారు. తలుపు విరగ్గొట్టి తెచ్చేసరికి చీర ఒంటికి అతుక్కుపోయింది. మూడు రోజులు స్పృహతోనే ఉండి సోమవారం ఉదయం పోయింది.

వచ్చినవాళ్ళు సిమెంటు పూత వేసే మేస్త్రీలు. తెచ్చినవాడు వాళ్ళ కాంట్రాక్టరు శ్రీనివాసప్ప. కారణం కూడా రాస్తాను, ఒక పక్కే విని నువ్వు తీర్పు చెప్పకూడదు. బెంగళూరులో కంప్యూటరు కంపెనీల వాళ్ళకు ఈ వారం అడిగిన గది వచ్చే వారం కావాలి. ఇటుక కట్టి, పూత పూసి, తడిపి, ఆరబెట్టి రంగు వేయడానికి నెల పడుతుంది. ఇనుప చట్రానికి మన బోర్డులు బిగించడానికి నలుగురు మనుషులు, మూడు రోజులు. నాలుగేళ్ల కిందట రోజుకు రెండు వందల బోర్డులు చేసేవాళ్ళం, ఇప్పుడు పదకొండు వందలు. ఎక్కడో సముద్రం ఒడ్డున ఎరువుల ఫ్యాక్టరీ పక్కన గుట్టగా పడి ఉండే జిప్సం ఇవాళ మన గేటులోకి లారీల్లో వస్తోంది. మన దగ్గర ఎనభై నాలుగు మందికి పని దొరికింది. శ్రీనివాసప్ప దగ్గర నూట అరవై మందిలో నూట పది మంది ఏప్రిల్ నుంచి ఇంట్లో కూర్చున్నారు. ఈ రెండో అంకె కూడా నాకు తెలుసు.

అతను కూడా బోర్డు పనిలోకి దిగుదామని మే నెలలో మన దగ్గర మూడు వందల నలభై తీసుకుపోయాడు. సైటులో వానకు వదిలేస్తే అవి ఉబ్బి వంగిపోయాయి. సరుకే చెడ్డదని తిప్పి పంపాడు. నేను ఒప్పుకోలేదు. శుక్రవారం వచ్చింది అందుకే.

మీ అన్న తిలక్ మూడు రోజులుగా సరిగా తినడం లేదు. వాడి కోపం నీకు తెలుసు. నేను ఉండగా వాడు చెయ్యి ఎత్తడు. వాడు వద్దన్నా, కృష్ణగిరి వైపు గ్రానైట్ క్వారీలో పని చేసిన మునిరాజు అనే మనిషిని గేటుకు పెట్టాను. ఇద్దరిని వెంట తెచ్చుకున్నాడు. మాట తక్కువ మనిషి, చెప్పింది చేస్తాడు.

బస్టాండులో శ్రీనివాసప్ప మనుషులు తిరుగుతున్నారు. నేను రమ్మనే వరకు రావద్దు.

నీ మేలు కోరే
అవ్వ, మంజులమ్మ


బెంగళూరు
16 జూలై 2000

ప్రియమైన అవ్వకు,

నంజమ్మ గురించి చదివి బాత్రూములోకి పోయి కూర్చున్నాను. ఆమె చేతుల వాసన నాకు ఇంకా తెలుసు. అయినా ఈ ఉత్తరం ఆమె గురించి కాదు.

శుక్రవారం సాయంత్రం నేను డ్యూటీలో ఉండగా హోసూరు నుంచి ఒక మనిషిని తెచ్చారు. రెండు చేతులకూ తువ్వాళ్లు చుట్టి ఉన్నాయి. తువ్వాలు విప్పమని సిస్టరు నాకే చెప్పింది. విప్పాను. లోపల చెయ్యి మోచేతికీ మణికట్టుకూ మధ్య వేలాడుతోంది. రెండోది కూడా అంతే. చీటీ మీద పేరు చూశాను. శ్రీనివాసప్ప.

కేసు షీటులో కత్తిగాయం అని రాశారు. కత్తిగాయాలు నేను చూశాను అవ్వా, అడ్డదిడ్డంగా ఉంటాయి. ఇది ముంజేతికి అడ్డంగా స్కేలు పెట్టి గీసినట్టు ఒకే గీత. ఎముక సరిగ్గా ఆ గీత దగ్గరే విరిగింది. బల్ల అంచుకు ఆనించి నొక్కినారని అతనే చెప్పాడు. డాక్టరుకు అర్థం కాలేదు. నాకు చూడగానే అర్థమైంది. ఇది మనం బోర్డు విరిచే పద్ధతి.

ఆదివారం తెల్లారేసరికి కుడి చెయ్యి నల్లబడింది. మోచేతి కింద తీసేశారు. పదో ఏట తాపీ పట్టిన చెయ్యి అది. మత్తు దిగుతుండగా ఇంకా ఉందనుకుని వేళ్లు ఆడించబోయాడు. ‘ఎవరు చేయించినారు’ అని శుక్రవారం రాత్రే పోలీసులు అడిగితే ఒకటే మాట అన్నాడు.

“ఇంకెవురు సారూ, ఆ యమ్మ మనవడు. తిలకు.”

నేను ఎవరో అతనికి తెలియదు. నాకు నిజం చెప్పు. అన్నయ్యేనా?

నీ మనవరాలు
రక్షిత


మత్తిగిరి
19 జూలై 2000, బుధవారం

చిరంజీవి రక్షితకు,

నీ ఉత్తరం నిన్న అందింది. తిలక్‌ను శనివారమే తీసుకుపోయారు. అడిగినదానికి జవాబు చెప్పడం లేదట. వకీలు వెళ్లి అడిగినా పెదవి విప్పలేదు. స్టేషన్‌లో అరికాళ్ల మీద కొట్టారని, ఎడమ చెవిలోంచి రక్తం వచ్చిందని వకీలు చెప్పాడు. నేను అన్నం పంపితే గిన్నె అలాగే తిరిగి వచ్చింది.

నువ్వు అడిగినదానికి ఇప్పుడు రాయను. నేను అడిగినదానికి నువ్వు రాయి. శ్రీనివాసప్పను పట్టుకున్నవాళ్ళు ఎంతమంది? వాళ్ళు ఏమైనా మాట్లాడారా? మాట్లాడితే అక్షరం మారకుండా రాసి పంపు. నీ సొంత వ్యాఖ్య చేర్చవద్దు.

ఫ్యాక్టరీ నడుస్తోంది. ఆపితే ఎనభై మూడు మంది ఇంటికి పోవాలి. ఎనభై నాలుగు అని రాసి ఒకటి కొట్టేశాను.

అవ్వ


బెంగళూరు
25 జూలై 2000

అవ్వకు,

ముగ్గురు. మత్తిగిరిలో అతని సిమెంటు షెడ్డులోకి పగలు పదకొండు గంటలకు నడిచి వచ్చారు. ఇద్దరు పట్టుకున్నారు, ఒకడు చేశాడు. ఎడమ చెయ్యి మొదట. అతను కాళ్ళ మీద పడి ‘కుడి చెయ్యి వదిలేయప్పా, దాంతోనే బతకాల’ అన్నాడట. చేసినవాడు ఆగి, జేబులోంచి ఒక కాగితం తీసి చూసుకున్నాడట. చూసుకుని అన్న మాట ఇది, అక్షరం మార్చలేదు.

“మళ్లీ పనికి రాగూడదని రాసుండాది. నేనేం చేసేది?”

కాగితం మీద రాసి ఇచ్చి మరీ చేయించాడు మన తిలక్. కోపంలో కొట్టి ఉంటే నేను ఎలాగో అర్థం చేసుకునేదాన్ని. కూర్చుని, రాసి, పంపాడు.

పోలీసులు నా దగ్గరికి నిన్న వచ్చారు. నంజమ్మ పోయిన రోజు అన్న హాస్టల్‌కు ఫోను చేసి, ఏం జరిగిందో చెప్పకుండా శ్రీనివాసప్ప పేరెత్తి, ‘వాని చేతులు విరిచేస్తాను చూడు’ అన్నాడు. ఆ మాట నేను వాళ్ళకు చెప్పాను. సంతకం కూడా చేశాను. సోమవారం కోర్టులో పెడతారట. నువ్వు నన్ను తిట్టు, నేను మార్చుకోను. తువ్వాలు విప్పింది నేను.

రక్షిత


మత్తిగిరి
29 జూలై 2000, శనివారం

ప్రియమైన రక్షితకు,

నిన్ను తిట్టను. నువ్వు చెప్పింది అబద్ధం కాదు, కాబట్టి అది అలాగే ఉండాలి. అయితే ఆ కాగితం రాసింది తిలక్ కాదు. నేను.

నీ మొదటి ఉత్తరంలో ‘గీత దగ్గరే విరిగింది’ అన్న చోటే నాకు తెలిసిపోయింది. అప్పటి నుంచి పదకొండు రోజులు ఊరుకున్నాను. నా రెండో ఉత్తరంలో అడిగిన ప్రశ్నలు తెలుసుకోవడానికి కాదు, కాగితం సంగతి ఎంత దూరం పోయిందో చూసుకోవడానికి.

గోడౌన్‌లో సరుకును కొన్న పార్టీ పేరుతోనే పిలుస్తారు. ‘ఈశ్వరప్పను లారీకి ఎక్కించినారా’ అంటారు. ‘గోపీనాథ్ తడిసిపోయినాడు, పక్కన పడుకోబెట్టండి’ అంటారు. మొదట్లో విని నవ్వేదాన్ని, తర్వాత కసిరేదాన్ని, చివరికి నేనూ చీటీల్లో అలాగే రాయడం మొదలుపెట్టాను. చెడిన బోర్డు ఏదైనా గీసి విరిచి పారేస్తాం. అలాగే వదిలితే ఎవరో ఏరుకుపోయి మంచి సరుకని అమ్ముతారు.

జూలై 13న, గురువారం, నష్టం చూసే ఆఫీసరు వచ్చి వెళ్లాక గోడౌన్‌కు చీటీ రాశాను. 1146వ నెంబరు. ‘రేపటిలోగా శ్రీనివాసప్పను గీసి విరిచెయ్యండి. మళ్లీ పనికి రాకూడదు. మం.’ మూల పడి ఉన్న ఆ మూడు వందల నలభై బోర్డుల మాట అది. గుర్రప్ప అయితే చదివి బ్లేడు తీసుకుని ఆ మూలకు నడిచేవాడు. గుర్రప్ప తలకు కట్టుతో ఆసుపత్రిలో ఉన్నాడు. చీటీ అందుకున్నది మునిరాజు.

నీ ఉత్తరం చేరిన రోజే అతన్ని పిలిచాను. అతను ఏమీ దాచలేదు. మెచ్చుకుంటానని వచ్చినట్టు నిలబడ్డాడు.

“మునిరాజూ, శ్రీనివాసప్ప అంటే ఆ మూల ఉన్న బోర్డు అట్టలు.”

అతను మూల వైపు చూశాడు, నా వైపు చూశాడు.

“అట్టలకు ఎవురైనా మనిసి పేరు పెడతారామ్మా?”

అర్థం కాకపోతే ఎవరినైనా అడగవలసింది కదా అన్నాను.

“అడిగినాను. అమ్మ చీటీకి ఎదురు ప్రశ్న లేదు, రాసింది చెయ్యాల్సిందే అన్నారు ఈడోళ్లు. అట్టలు ఎట్ల విరుస్తారో కూడా వాళ్ళనే అడిగి చూసుకుని పోయినాను. నువ్వు రాసినావు, నేను చేసినాను. తప్పు యాడుందమ్మా?”

ఎదురు ప్రశ్న వద్దన్న ఆ నియమం నేను పెట్టిందే. ఆడపిల్లల బడిలో ముప్పై ఒక్క ఏళ్లు హెడ్మిస్ట్రెస్‌గా అలాగే నడిపాను, ఫ్యాక్టరీనీ అలాగే నడిపాను.

పని ముగించి వచ్చిన రోజే మునిరాజు ఆ చీటీ తిలక్ చేతికి ఇచ్చి, అమ్మ చెప్పిన పని అయిపోయిందన్నాడట. తిలక్ చదివాడు. నా అక్షరం వాడికి తెలుసు, వాడికి అక్షరాలు దిద్దించింది నేనే. ఆ కాగితం నోట్లో పెట్టుకుని నమిలి మింగేశాడట. మునిరాజు చూస్తుండగానే. తర్వాత అరికాళ్లు పగిలినా, చెవి పోయినా వాడు మాట్లాడకపోవడం అందుకే. నువ్వు వాడి మీద సంతకం పెట్టావు, వాడు నా కోసం నోరు మూసుకున్నాడు. నేను ఇద్దరినీ చూస్తూ మునిరాజును కెలవరపల్లిలో మన పొలం దగ్గర ఇంట్లో దాచి, పూటకింత అన్నం పంపుతూ కూర్చున్నాను.

పొరపాటు అని ముగించి ఈ ఉత్తరం ఇక్కడ ఆపవచ్చు. వకీలు అదే చెప్పమంటున్నాడు, గోడౌన్ అలవాటు, పాతకాలపు మనిషి, మాట జారింది అని. ఆ మాటలో ఒక్కటే లోపం ఉంది. చీటీ రాశాక నేను ఒకసారి చదువుకుంటాను, అది నా అలవాటు. ఆ రోజూ చదివాను. ‘బోర్డులు’ అనే మాట లేదని చూశాను. బడిలో పిల్ల రాసి ఉంటే ఎర్ర సిరాతో దిద్దేదాన్ని. నంజమ్మ శవాన్ని చూసి మూడు రోజులే అయింది. ఆ వాక్యం బోర్డులు లేకుండానే చదవడానికి బాగుంది. ఇంకోసారి చదివాను. దిద్దకుండా పుస్తకంలోంచి చింపి ఇచ్చాను.

అతను చేస్తాడని అనుకోలేదు. అలా జరిగితే బాగుండుననిపించింది, అంతే. ఈ రెంటికీ మధ్య ఎంత దూరమో తూచడం జడ్జీ పని, నాది కాదు, నీది కూడా కాదు.

ఇట్లు
మంజులమ్మ

జరగవలసినవి:

1. సోమవారం ఉదయం పది గంటలకు నేను, మునిరాజు కృష్ణగిరి కోర్టుకు పోతున్నాం. నా చీటీలన్నీ కార్బన్ పెట్టి రాసినవే. 1146 నకలు నా దగ్గర ఉంది, పుస్తకం చింపకుండా మొత్తం ఇస్తాను. మునిరాజుకు వేరే వకీలును పెట్టాను. నాకు అక్కరలేదు.

2. నీ వాంగ్మూలం వెనక్కి తీసుకోవద్దు. తిలక్ ఆ మాట అన్నాడు. దాని పక్కన నాది కూడా ఉంటుంది.

3. తిలక్ బయటికి వచ్చిన రోజు నువ్వు గేటు దగ్గర ఉండాలి. ముందు చెవి డాక్టరుకు చూపించు. క్షమాపణ తర్వాత చెప్పుకో, కుడివైపు నిలబడి చెప్పు, ఎడమ చెవికి వినిపించదు.

4. ఫ్యాక్టరీ ఆగకూడదు. సరుకును ఇక నెంబరుతోనే పిలవాలి. ఇంట్లో కూర్చున్న నూట పది మందిలో బోర్డు బిగించడం నేర్చుకుంటామన్నవాళ్ళకు తిలక్ నేర్పించాలి. వాడు ఒప్పుకోడు, ఒప్పించు. నంజమ్మ కూతురు ఈ మాటకు అడ్డం చెబితే మాత్రం, ఆమె మాటే చెల్లాలి.

5. కాగితం గది గొళ్ళెం ఎవరు పెట్టారో శ్రీనివాసప్పకు తెలుసు. పోలీసులు నన్ను పట్టుకోగానే ఆ సంగతి మరిచిపోతారు. నువ్వు మరిచిపోవద్దు. అడుగు, చెప్పే వరకు అడుగు.

6. ఈ ఉత్తరం శ్రీనివాసప్పకు మొత్తం చదివి వినిపించాలి. నువ్వు ఎవరో కూడా చెప్పాలి. అతనికి ఇప్పుడు అన్నం ఎవరు తినిపిస్తున్నారో నువ్వు రాయలేదు. ఎవరూ లేకపోతే నువ్వే తినిపించు. మొదట అన్నం, తర్వాత ఉత్తరం. చదివాక నీ చేతి ముద్ద అతను తినడు.