రెండు ఎడమ చేతుల కోటు

శ్రీవారికి,

మీరు చల్లగా ఉన్నారని తలుస్తూ, నమస్కారాలతో రాస్తున్నాను. ఇక్కడ నేనూ, అమ్మాయీ, మీ కుట్టుమిషన్లూ క్షేమం. ఒక కోటు మాత్రం చావు తప్పి బయటపడింది. కంగారు పడకండి, అన్నీ వరసగా చెబుతాను.

ముందు మీరు అడిగినవి. అస్తరు గుడ్డ అందింది. ఇస్త్రీపెట్టె తీగ మార్పించాను. పైకప్పు ఇప్పుడు కారడం లేదు, వాన రాలేదు కాబట్టి. అమ్మాయి టీచరు ట్రైనింగులో బాగానే చదువుతోంది, కాకపోతే అక్కడ నేర్చుకున్న పాఠాలన్నీ ఇంటికొచ్చి నా మీదే ప్రయోగిస్తోంది. "కటింగు ఎలా సాగుతోంది?" అని కూడా అడిగారు. దానికి జవాబే ఈ ఉత్తరం.

నాటకాల కంపెనీకి దుస్తులు కుట్టడానికి వెళ్తూ, "ఇన్నేళ్ళు పక్కనే కూర్చుని చూశావు, నీకు రానిదేముంది?" అన్నారు మీరు. నేనూ అదే అనుకున్నాను. మీ బల్ల పక్కన కాజాలు కుడుతూ, మీ కత్తెర చప్పుడు వింటూ, కటింగు నాకు కొట్టిన పిండి అనుకున్నాను. జాకెట్లు, లాగూలు కత్తిరించినన్నాళ్ళూ అలాగే అనిపించింది కూడా.

అంతలో మన వీధి చివరి వకీలుగారు జడ్జీ అయ్యారు. ప్రమాణం చేసే రోజున వేసుకోవడానికి కోటు కుట్టమని, ఎప్పుడో కొని దాచుకున్న నల్ల గుడ్డ తెచ్చారు. ఒక వైపు సన్నటి మెరుపు, రెండో వైపు మాడు మొహం. అదీ చాలీచాలని గుడ్డ. అలాంటిది ఇప్పుడు ఏ బజారులోనూ దొరకదట. "మాస్టారు ఊళ్ళో లేరు కదమ్మా, నీకు చేతనవుతుందా?" అన్నారు. "ఎంతమాటండీ!" అన్నాను. ఊళ్ళో పెద్దవాళ్ళందరూ చూసే కోటు. అది చెడితే మన కొట్టు గడప ఇంకెవరూ తొక్కరు. ఆ సంగతి తెలిసి కూడా నోరు జారాను.

కోటు కత్తిరించే పద్ధతి అడిగితే మీరు రాసి పంపిన ఉత్తరం గోడకు అంటించి, ఒక్క ముక్క పొల్లుపోకుండా చేశాను. గుడ్డ చాలకపోతే మడత విప్పి ఒంటి పొరగా పరవాలన్నారు, పరిచాను. కోటు చేతి నమూనా కాగితం పెట్టి గీసి కత్తిరించాలన్నారు, కత్తిరించాను. "రెండో చెయ్యి కూడా అలాగే" అన్నారు. అలాగే కత్తిరించాను. తీరా చూస్తే రెండూ ఎడమ చేతులే!

ఒకదాన్ని తిరగేస్తే కుడి చెయ్యి అవుతుంది, కానీ దాని మాడు మొహం పైకి వస్తుంది. ఒక చెయ్యి పెళ్ళికీ, రెండో చెయ్యి పరామర్శకూ వెళ్తున్నట్టుంటుంది. నేను కుర్చీలో కూలబడి మిమ్మల్ని నోరారా తిట్టుకున్నాను. క్షమించమని అడగను, ఎందుకంటే ఇంకా కొంచెం కోపం ఉంది.

అమ్మాయి వచ్చి మీ ఉత్తరం చదివి పకపకా నవ్వింది. "రెండో చేతికి కాగితం తిరగేయమని నాన్న రాయనే లేదమ్మా. ఆ సంగతి నాన్న చేతికి తెలుసు, నాన్నకి తెలీదు" అంది.

"మరి నేను ఇన్నేళ్ళూ చూశానుగా?"

"చూస్తున్నప్పుడు అన్నీ తెలిసినట్టే ఉంటాయి. ఇప్పుడు ఏమీ చూడకుండా, కోటు మొత్తం ఎలా కత్తిరిస్తావో నాకు నోటితో చెప్పు. నీ నోరు ఎక్కడ తడబడితే, అక్కడ నీకు రాదన్నమాట."

"చెప్పడానికేముంది!" అని మొదలుపెట్టాను. కాలరు దగ్గర తడబడ్డాను. చంక దగ్గర నీళ్ళు నమిలాను. జేబు దగ్గరికొచ్చేసరికి, మంచినీళ్ళు కావాలని లేచి వెళ్ళిపోయాను. ఇన్నేళ్ళ అనుభవం అంతా కలిపి నాకు నిజంగా వచ్చింది కాజాలేనని ఆ పూట తెలిసింది. సిగ్గేసింది. కానీ ఒకటి చెప్పనా, ఏం రాదో తెలిశాక భయం సగం తగ్గింది. అంతకుముందు కోటు మొత్తానికీ భయపడేదాన్ని, ఆ తరవాత నాలుగైదు చోట్లకే భయపడితే సరిపోయింది.

ఇక అప్పటినుంచి కత్తెర పట్టేముందు పైకి మాట్లాడుకోవడం అలవాటు చేసుకున్నాను. "ఇప్పుడేం చేయబోతున్నావు? ఎందుకు? ఇది తెలుసా, తెలుసనుకుంటున్నావా?" అని. పరదాలు కుట్టించుకోవడానికి వచ్చిన డాక్టరమ్మ గుమ్మంలో నిలబడి ఇదంతా విని, గుడ్డ చంకన పెట్టుకుని వెనక్కి వెళ్ళిపోయింది. మర్నాడు మళ్ళీ వచ్చింది, గుడ్డ లేకుండా, నా నాడి చూడటానికి.

వకీలుగారు కూడా సరిగ్గా అలాంటి వేళకే వచ్చారు. "రెండూ ఎడమ చేతులే. ఆయనకి ఏమని చెప్పాలి?" అని నాలో నేను పైకే అనుకుంటున్నాను. "జరిగింది చెబితే సరిపోతుంది కదమ్మా" అని వెనకనుంచి గొంతు. నా పై ప్రాణాలు పైనే పోయాయి.

చెప్పాను. కాగితం తిరగేసి, ఎక్కడ పొరపాటు జరిగిందో చూపించాను. కోటు చేతికి పైనొకటి, కింద ఒకటి రెండు ముక్కలుంటాయనీ, మిగిలిన గుడ్డలో కుడి చేతి పై ముక్క వస్తుందనీ, కింది ముక్కకు చంక కింద అతుకు తప్పదనీ, వద్దంటే గుడ్డ వెనక్కి తీసుకోవచ్చనీ చెప్పాను. ఆయన గుడ్డ మళ్ళీ నా చేతిలోనే పెట్టారు. "తప్పు చేసినవాళ్ళని రోజూ చూస్తాను. ఎక్కడ చేశారో చూపించినవాళ్ళు తక్కువ. నువ్వే కుట్టమ్మా" అన్నారు.

"మరి... చెయ్యెత్తకపోతే అతుకు కనబడదండీ" అన్నాను.

"కుడి చెయ్యెత్తే కదమ్మా ప్రమాణం చేయాలి!"

ప్రమాణం రోజున నేనూ అమ్మాయీ వెళ్ళి ముందు వరసలోనే కూర్చున్నాం. ఆయన చెయ్యెత్తారు. అందరూ ఆయన మొహం చూస్తున్నారు, నేను ఆయన చంక చూస్తున్నాను. పక్కావిడ నన్ను ఏమనుకుందో దేవుడికే తెలియాలి. అతుకు నిలబడింది. నూలు దారమంత గీత, వెతికితే తప్ప కనబడదు. నాకు కళ్ళు చెమర్చాయి. ఆయన న్యాయంగా తీర్పులు చెబుతానంటున్నందుకు అనుకుని పక్కావిడ చేతిరుమాలు ఇచ్చింది.

ఇప్పుడు అసలు మాట. ఇంతసేపూ దాటేస్తూ వచ్చాను. "నేను వచ్చేస్తున్నా, ఇక నువ్వు విశ్రాంతి తీసుకో" అని రాశారు. ఆ వాక్యం చదివినప్పటినుంచీ నాకు మనసు మనసులో లేదు. మీరు రావాలని రోజూ ఎదురుచూస్తున్నాను, అది నిజం. కత్తెర మీకు ఇవ్వాలని లేదు, అదీ నిజం. కాజాలు కుట్టే చోటికి మళ్ళీ వెళ్ళి కూర్చోవాలంటే ఏడుపొస్తోంది. ఇది వట్టి మోజా అని నన్ను నేను పైకే అడిగి చూశాను. నోరు ఎక్కడా తడబడలేదు. కటింగు బల్ల సగం నాకు కావాలి.

ఇస్తారో ఇవ్వరో ఆలోచించి రాయండి. ఏమని ఆలోచిస్తే ఆ జవాబు వచ్చిందో, అది కూడా ఒక్క మెట్టు వదలకుండా రాయండి.

ఇట్లు,
మీ మీద ఇంకా కొంచెం కోపం ఉన్న
మీ ఇంటావిడ