నువ్వు చేసిన అమ్మవారు

మునిరాజూ,

నువ్వు చదవవు కాబట్టే ఇది రాయగలుగుతున్నాను.

నీ దయ్యాల సినిమాలకు పెట్టుబడీ నీదే, సెట్లూ నీవే. అన్నీ చెత్త అని పత్రికల్లో రాశాను. "నీ మాదిరి పుస్తకాలు చదివింటే నేనూ ఏ పనీ చేయకుండా తిట్టుకుంటా కూర్చుందును కదప్పా" అని నవ్వేవాడివి. నువ్వు పోయినా ఆ మాట మీద నా కోపం పోలేదు.

వేప్పనపల్లి మామిడితోపులో, నేనూ వచ్చి చూసిన ఆ ఆఖరి సీను కోసం గోనెపట్టా, ప్లాస్టరూ పెట్టి నువ్వు చేసిన అమ్మవారిని షూటింగయ్యాక ఊరివాళ్ళు పగలగొట్టనివ్వలేదు కదా. ఇప్పటికీ పూజిస్తున్నారు. కొత్త రంగులు వేస్తున్నారంటే నిన్న చూడటానికి వెళ్ళాను. కళ్ళు మాత్రం వేయకుండా ఉంచారు. విగ్రహం చేసినవాడే కళ్ళు దిద్దాలట. అతని కోసం నువ్వుండిన హోసూరంతా వెతికారట.

ఒక ముసలమ్మ నన్ను గుర్తుపట్టింది.

"ఆ పొద్దు ఈడ సినిమా తీసినోళ్ళలో ఉండినావు కదప్పా! తల్లిని చేసింది నువ్వే కదా? యాడ పోయినావు ఇన్నాళ్ళు?"

నేను కాదని, నువ్వు చనిపోయావని చెప్పాల్సింది. నీ పేరు నోటిదాకా వచ్చింది. అంతలో అందరూ నాకు చేతులు జోడించారు. నేను రాసినదానికి ఎవరూ ఎప్పుడూ అలా జోడించలేదు. కుంచె అందుకున్నాను.

కుడి కన్ను వంకరగా వచ్చింది. అయినా అందరూ దండం పెట్టుకున్నారు. నువ్వు చేసిన ముఖంలో ఆ వంకర ఒక్కటే నాది.