తోటకు ఏడ్పు

సెప్టెంబరు 2
మా కాఫీ తోటలోనూ పురుగు ఉందట. కాఫీ అధికారుల టీమ్ వచ్చి కాయలు చీల్చి చూపించింది. గింజ లోపల నల్లటి పురుగు, ఆవగింజంత కూడా లేదు. మొక్కలు ఉంచుతారట. పచ్చి కాయలన్నీ దూసి, మరిగే నీళ్లలో వేసి పాతిపెట్టాలట. లేకపోతే కొండంతా పాకుతుంది. కాదనడానికి లేదు.
ఏడేళ్లకు ఇదే మొదటి నిండు కాపు. నాన్న వాళ్లతో సరే బాబూ అన్నాడు. ఆ సరేకి నా ఒళ్లు మండిపోయింది.

సెప్టెంబరు 3
నాన్న అన్నం ముట్టడం లేదు. నేను గిన్నెలు విసిరేస్తున్నాను. కోపం తగ్గాలంటే పదిసార్లు గాలి పీల్చి వదలమని ఫోన్‌లో ఒక వీడియో. వదిలాను. కోపం పోలేదు, ఆకలేసింది.

సెప్టెంబరు 5
రేపే దూయడం. యర్రమ్మత్త వచ్చింది, నాన్న అక్క. ఊళ్లో ఎవరు పోయినా ముందు రాగం తీసి ఏడ్చేది ఆవిడే. ఏటిరా సోంబరూ, సావు ఇంట్లో కూకున్నట్టు కూకున్నావు, మరి ఏడవకుండా ఏటి సేత్తన్నావు అని నాన్నని అడిగింది. మొక్కలకెవరు ఏడుత్తారే అన్నాడు నాన్న. నేనేడుత్తాను అంది.
సీరియస్‌గానే అంది. టీమ్ వాళ్ల ముందు పరువు పోతుంది, దేవుడా.

సెప్టెంబరు 6, సాయంత్రం
చేతులకు పసరు ఇంకా వదల్లేదు.
గోనెలు పరవగానే అత్త మొదటి మొక్క దగ్గర కూర్చుని రాగం తీసింది. మనిషి పోతే ఎలా ఏడుస్తారో అచ్చం అలాగే, పుట్టుక నుంచి. నర్సరీ నుంచి అమ్మ నెత్తిన మోసుకొచ్చిన నారు. ఎండిపోయిన వేసవిలో నాన్న కావిడితో పోసిన నీళ్లు. అమ్మ చనిపోయిన నెలలో తెల్లగా విచ్చిన తొలి పూత. నాకు మొదట నవ్వొచ్చింది. అమ్మ పేరు వినగానే ఆగిపోయింది.
ఎవరూ పని ఆపలేదు. ఊరివాళ్లు ఒక్కొక్కరే వచ్చి, కాయలు దూస్తూనే ఏడుపు అందుకున్నారు. రేపో మాపో వాళ్ల తోటలకూ ఇదే గతి. టీమ్ సూపర్‌వైజర్ వీడియో తీయబోయి ఫోన్ జేబులో పెట్టేసుకున్నాడు. నాన్న కొమ్మ పట్టుకుని బావురుమన్నాడు. అమ్మ పోయినప్పుడు కూడా ఏడవని మనిషి. నాకు భయమేసింది. తర్వాత కొండ కొండంతా ఏడుస్తుంటే ఇంత పెద్దదాని మధ్య నిలబడ్డానా అనిపించింది. కోపం పోలేదు. చిన్నదైపోయింది, అంతే.
నాన్న ఇప్పుడే రెండోసారి అన్నం పెట్టించుకున్నాడు.

సెప్టెంబరు 9
రేపు మా పొరుగు బుధు మామ తోటలో దూయడం. అత్తకు గొంతు పూర్తిగా పోయింది. మామ నా దగ్గరికొచ్చి, మీ అత్త బదులు నువ్వు బేగి వచ్చీ గుంటా అన్నాడు. నాకు రాగం తీయడం రాదన్నాను. పొద్దున్నే గోనెలు పరుస్తామని చెప్పి వెళ్లిపోయాడు.

సెప్టెంబరు 10
రాగం వచ్చింది. అది నా గొంతేనని చాలాసేపటి దాకా నాకు తెలియలేదు.