ఆడియో సారు ఇచ్చే గ్యాప్

జూన్ 9, సోమవారం
కొత్తపేటలో కళ్ల దవాఖాన. రిసెప్షన్‌లో ఖాళీ ఉందట. ఫోన్లో ఇంగ్లిష్ మాట్లాడగలిగితే చాలట... అదేగా రానిది. అయినా పేరిచ్చేశాను. చీరల షాపులో పొద్దంతా నిలబడే ఈ కాళ్లకు ఒక కుర్చీ కావాలి. చాలా కావాలి. ఇంటర్వ్యూ కూడా ఫోన్లోనే, వచ్చే వారం.

జూన్ 10
ఫోన్లో ఇంగ్లిష్ ఆడియో పాఠాలు మొదలు. సారు ఒక వాక్యం చెప్పి ఆగుతాడు — ఆ గ్యాప్‌లో మనం తిరిగి చెప్పాలి. ఎల్బీనగర్‌లో మెట్రో ఎక్కి దిల్‌సుఖ్‌నగర్‌లో దిగేదాకా పెదాలు కదుపుతూనే ఉన్నా. ఎదురు సీటావిడ అదోలా చూసింది. చూసుకోనీ.

జూన్ 15, ఆదివారం
చర్చిలో పాస్టరమ్మ నా చేయి పట్టుకుంది. "వంట చేసుకుంట గూడ ప్రార్థననే అంట గద, మీ అత్తమ్మ చెప్పింది. వచ్చే ఆదివారం అందరి ముందల నువ్వే చెయ్యాలె."
వెనక అత్తమ్మ ముఖం వెలిగిపోతోంది. కాదనడం నాకు తెలుగులో కూడా రాదు. తలూపేశా.

జూన్ 16
అత్తమ్మకు నిజం చెప్పేశా — పొయ్యి దగ్గర నేను పెదాలు కదిపేది ప్రార్థనకు కాదు, ఇంగ్లిష్ పాఠానికని. ఒక ఇయర్‌ఫోన్ ఆమె చెవిలో పెట్టా. తిడుతుందనుకున్నా. కాసేపు విని — "గీ సారు మంచోడే బిడ్డ. మనం చెప్పేదాంక ఆగుతుండు. మీ మామ ఎన్నడన్న ఆగిండా."
ఇద్దరం పొట్ట పట్టుకుని నవ్వాం.

జూన్ 17
చిక్కుడుకాయలు ఒలుస్తూ పాఠం, చెరో చెవి. ఆమె నాకంటే గట్టిగా చెప్తోంది. పక్కింటివాళ్లు తలుపు తీసి చూశారు.

జూన్ 19, గురువారం
దవాఖాన నుంచి ఇంటర్వ్యూ ఫోన్ వచ్చింది. మేడం — "టెల్ మీ అబౌట్ యువర్‌సెల్ఫ్."
నేను, బుద్ధిగా — "టెల్ మీ అబౌట్ యువర్‌సెల్ఫ్."
అలవాటు... సిగ్గుతో చచ్చిపోయాను. అటు నుంచి నవ్వు. నాకూ నవ్వొచ్చింది. ఆడియో సారు సంగతంతా ఇంగ్లిష్‌లోనే చెప్పేశా, తప్పులతోనే, ఆగకుండా. నేనేనా మాట్లాడింది? భలే సంతోషంగా ఉంది. సోమవారం చెప్తామన్నారు. చెప్తారో, ఊరికే అన్నారో.

జూన్ 22
చర్చిలో ప్రార్థన చేశా. ఎక్కడా తడబడలేదు. అందరికంటే ముందు అత్తమ్మ ఆమెన్.

జూన్ 23, సోమవారం
ఏమీ తోచక పొద్దున్నే పెన్ను పట్టుకున్నా. ఎదురుగా అత్తమ్మ, కళ్లు మూసుకుని పెదాలు కదుపుతోంది. ప్రార్థనో, పాఠమో.
ఫోన్ మోగుతోంది. దవాఖాన నంబరే.
"ఎత్తు బిడ్డ. గా సారు తీరుగ వీళ్లు ఆగరు."